గొంతు మనది, ముఖం వాళ్లది

(వెండితెర – వెలివాడ: 6వ భాగం)



మూకీ సినిమాకు కులం లేదట. మాట లేదు కాబట్టి యాస లేదు, యాస లేదు కాబట్టి కులం పట్టుబడదు. అందులోనూ జపాన్ మూకీ అయితే ఇంకా శుద్ధం. మన గొడవలేవీ అక్కడ లేవు, ఉన్నదల్లా ఇద్దరు మనుషులు, ఒక ప్రేమ, కాసిన్ని కన్నీళ్లు. ఫిలిం క్లబ్బుల్లో ఈ మాట చాలాసార్లు విన్నాను. ఈ మధ్య మా నెల్లూరు తీరంలో కొందరు విద్యార్థులు ఒక జపాన్ మూకీ ప్రదర్శన పెట్టుకుంటూ, పోస్టర్ మీద 'కులమతాలకు అతీతమైన ప్రేమకావ్యం' అని రాసుకున్నారు. పిల్లల మీద నాకు కోపం లేదు. ఆ మాట వాళ్లు పుట్టించింది కాదు, వాళ్లకు నేర్పింది. నేర్పినవాళ్లతోనే నా తగువు.

ముందు ఆ సినిమా ఏందో చూద్దాం.

పేరు 'తాకి నో షిరాయితో'. 1933లో కెంజి మిజోగుచి తీశాడు. అప్పటికి మన దగ్గర టాకీ వచ్చి రెండేళ్లు. జపాన్‌లో మాత్రం మూకీలు 1930ల నడిమి దాకా నడిచాయి. ఎందుకు నడిచాయో కాసేపాగి చెప్తాను, మనకు పనికొచ్చే కథ అక్కడే ఉంది.

షిరాయితో ఊరూరా తిరిగి డేరాలో ఆట చూపించే మనిషి. నీళ్లతో గారడీ చేస్తుంది. విసనకర్ర చివరి నుంచి నీటి ధార చిమ్మిస్తుంది, జనం నోరు తెరుచుకుని చూస్తారు. ఆమెకు గుర్రపుబండి తోలే కిన్యా అనే కుర్రాడు పరిచయమవుతాడు. ఆమె కారణంగానే అతని బండి పని పోతుంది. అతనికి లా చదవాలని ఉంది, డబ్బు లేదు. నువ్వు టోక్యో పోయి చదువుకో, ఖర్చు నేను చూసుకుంటానంటుంది. పంపుతుంది కూడా. నెల నెలా, ఏళ్ల తరబడి. ఆట సాగినన్నాళ్లు సరే. ఆట దెబ్బతిన్నాక కూడా పంపడం ఆపదు. అప్పు చేస్తుంది. వడ్డీవ్యాపారి దగ్గర తెచ్చిన డబ్బును దారిలో దోచుకుంటారు. దోపిడీ వెనక ఆ వడ్డీవ్యాపారే ఉన్నాడని తెలుస్తుంది. పెనుగులాటలో అతను ఆమె చేతిలో చస్తాడు. కేసు కనజావా కోర్టుకు వస్తుంది. ఎదురుగా ప్రాసిక్యూటర్‌గా నిలబడేది ఎవరు? ఆమె డబ్బుతో లా చదివిన కిన్యానే. ఆమె నిజం చెప్తుంది. నాలుక కొరుక్కుని ప్రాణం వదులుతుంది. తర్వాత అతనూ ప్రాణం తీసుకుంటాడు.

దీన్ని ప్రేమకథ అంటున్నాం. కాదనను. కానీ ఒకసారి లెక్క రాసి చూడండి. డబ్బు ఎవరిది? ఆమెది. అప్పు? ఆమెది. నేరం? ఆమెది. ముందు చావు? ఆమెది. నల్లకోటు ఎవరికి వచ్చింది? అతనికి. బండి తోలే వేషం నుంచి ప్రాసిక్యూటర్ వేషానికి అతను మారగలిగాడు. ఆ మార్పు ఖరీదు కట్టినామె మాత్రం డేరా నుంచి బోను దాకే రాగలిగింది.

ఇక 'కులానికి అతీతం' అన్న మాట. జపాన్‌లో ఆటగాళ్లను చాలాకాలం 'కవారమోనో' అని పిలిచారు. నది ఒడ్డు జనం అని అర్థం. గౌరవంతో పెట్టిన పేరు కాదు. తోలు పని, చచ్చిన పశువుల పని చేసేవాళ్లను ఒక వెలిగా, బిచ్చమెత్తేవాళ్లను, వీధి ఆటలాడే చాలామందిని ఇంకో వెలిగా పెట్టిన సమాజం అది. 1871లో ప్రభుత్వం ఆ వెలి పేర్లను చట్టరీత్యా రద్దు చేసింది. పేరు పోయింది, చూపు పోలేదు. అందుకే 1922లో క్యోటోలో ఆ వెలివాడల మనుషులు 'సుయిహెయిషా' అని సొంత సంఘం పెట్టుకున్నారు. ఈ సినిమాకు ఆధారం ఇజుమి క్యోకా 1894లో రాసిన కథ, అంటే రద్దు జరిగి పాతికేళ్లు కూడా కాలేదు. షిరాయితో ఏ వాడలో పుట్టిందో సినిమా చెప్పదు. కానీ ఆమె వృత్తి వెనక ఉన్న చరిత్ర జపాన్ ప్రేక్షకుడికి ఒకరు చెప్పక్కర్లేదు. మనకే చెప్పాలి. బకింగ్‌హాం కాలువ గట్టున, ఊరికి దూరంగా పల్లె కట్టుకుని బతికిన మనకు 'నది ఒడ్డు జనం' అంటే ఎవరో అర్థం కాకపోతే, ఇంకెవరికి అర్థమవుతుంది?

ఇంకో రెండు సంగతులు. మిజోగుచి చిన్నప్పుడు ఇల్లు గడవక అతని అక్కను ఇంకొకరికి అప్పగించారు. ఆమె గెయిషా అయింది. తర్వాత ఆ అక్క సంపాదనే తమ్ముణ్ణి నిలబెట్టింది. ఆడమనిషి బతుకును తాకట్టు పెట్టి మగపిల్లవాడు ఎదగడం అతనికి పుస్తకంలో దొరికిన కథ కాదు. అందుకే సినిమా మనల్ని ఇంత పట్టుకుంటుంది, ఆ గౌరవం నాకుంది. రెండోది: షిరాయితోగా నటించిన ఇరీయే తాకాకో క్యోటో ప్రభువంశంలో పుట్టింది, ఒక వైకౌంట్ గారి కూతురు. సొంత నిర్మాణ సంస్థ పెట్టి ఈ సినిమా తీయించిన గట్టి మనిషి. ఆమె నటనను నేను తక్కువ చేయడం లేదు. నేను అడిగేది ఒక్కటే: ప్రభువు కూతురు డేరా ఆటగత్తె వేషం వేస్తే కళ అయింది. డేరా ఆటగత్తె ప్రభువు కూతురి వేషం వేస్తే ఏమయ్యేది?

ఆ ప్రశ్నకు జవాబు జపాన్‌లో వెతకక్కర్లేదు. మన పక్కనే ఉంది. అక్కడికి పోయే ముందు, నేను ఆపిన సంగతి చెప్తాను.

జపాన్‌లో మూకీ అంత కాలం ఎందుకు నిలిచింది? ఒక పెద్ద కారణం 'బెన్షి'. తెర పక్కన నిలబడి కథ చెప్పే మనిషి. హీరో మాట, హీరోయిన్ మాట, ముసలివాడి దగ్గు, గుర్రం పరుగు అన్నీ ఒక్క గొంతే. పేరున్న బెన్షి కోసం జనం టికెట్ కొనేవాళ్లు. టాకీ వస్తే తమ బతుకు పోతుందని బెన్షిలు సమ్మెలు చేశారు. కాబట్టి మూకీ ఎప్పుడూ మూగది కాదు. బొమ్మకు నోరు లేకపోతే పక్కన ఒక నోరు ఉండేది.

మరి మన తెలుగు మూకీ పక్కన ఉన్న నోరు ఎవరిది?

ఎమ్మే తెలుగు చదివినవాళ్లు, నెట్ పరీక్షకు కవుల జనన మరణ సంవత్సరాలు బట్టీ పట్టేవాళ్లు ఒక్క నిమిషం ఆగండి. 1915–16లో రాజమండ్రిలో ఒక ఇరవై ఏళ్ల యువకుడు సినిమా హాల్లో వాచకుడిగా పనిచేశాడు. తెర మీద బొమ్మ కదులుతుంటే కథను, సంభాషణలను వెనక నుంచి గట్టిగా చదవడం అతని పని. అతని పేరు గుర్రం జాషువా.

అవును, మన జాషువా. వినుకొండలో పుట్టి, కులం పేరుతో అడుగడుగునా అవమానపడి, తెలుగు పద్యాన్ని మన వాడకు తెచ్చిన జాషువా. ఆ పని జరిగింది గుంటూరు లూథరన్ చర్చి బడిలో పంతులుగా చేరకముందు, 'గబ్బిలం' రాయడానికి పాతికేళ్ల ముందు. ఆయన జీవితచరిత్రల్లో ఈ సంగతి ఒకటి రెండు వాక్యాలకు మించదు. పొట్టకూటి కోసం చేసిన చిన్నాచితకా పనుల జాబితాలో ఒకటిగా వచ్చి పోతుంది. జపాన్ బెన్షిల మీద ప్రపంచమంతా పరిశోధన చేస్తుంది. తెలుగు పద్యానికి చక్రవర్తి లాంటివాడు తెలుగు బెన్షిగా బతికాడన్నది మాత్రం మన సినిమా చరిత్రకు ఒక అధ్యాయం కాలేదు, మన సాహిత్య చరిత్రకు ఒక పేరా కాలేదు.

ఆ చీకటి హాలు ఒకసారి ఊహించండి. తెర మీద రాజు కదిలితే రాజు మాట జాషువాది. రాణి పెదవి కదిలితే ఆ మాటా జాషువాదే. కింద నేల మీద కూర్చున్నవాడు, పైన కుర్చీలో కూర్చున్నవాడు ఇద్దరూ ఆ గొంతుకే చెవులిచ్చారు. ఎవరి గొంతని ఎవరూ అడగలేదు. అడగాల్సిన అవసరం రాలేదు, చీకట్లో గొంతుకు కులం కనపడదు కదా! అదే జాషువా తర్వాత వెలుగులోకి వచ్చి, సభల్లో నిలబడి పద్యం చదివితే, పద్యం బాగుందని మెచ్చి కులం తెలిశాక ముఖం తిప్పుకున్నవాళ్లు ఉన్నారు. గొంతుకు చెవి ఇచ్చినవాళ్లే ముఖానికి చోటు ఇవ్వలేదు.

ఈ భాగంలో నేను చెప్పదలచుకున్నది ఇదే. మన గొంతుతో వాళ్లకు ఇబ్బంది లేదు, అది చీకట్లో ఉన్నంతకాలం. మన చేతులతో ఇబ్బంది లేదు, అవి డేరా గుంజ పాతినంతకాలం. ఇబ్బందల్లా ముఖంతోనే. వెలుగు పడిన ముఖంతో. అందులోనూ ప్రేమించబడే ముఖంతో.

బాబాసాహెబ్ 1920 జనవరి 31న పత్రిక పెట్టి దానికి 'మూక్‌నాయక్' అని పేరు పెట్టాడు. మూగవాళ్ల నాయకుడు. మూగతనం పుట్టుకతో వచ్చింది కాదని, నోరు నొక్కేసిన వ్యవస్థ ఒకటి ఉందని ఆ పేరు చెప్తుంది. మన తెలుగు నేల మీద అంతకు ముందే, 1917లో బెజవాడ సభలో భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షతన మనవాళ్లు 'పంచములం కాదు, ఆది ఆంధ్రులం' అని తమ పేరు తామే పెట్టుకున్నారు. 1920ల మొదట్లో కుసుమ ధర్మన్న నల్లదొరల పెత్తనం మీద పాట కట్టాడు. అంటే తెర మూగగా ఉన్న కాలంలో మనం మూగగా లేం. మన మాట సభల్లో ఉంది, పాటలో ఉంది, హాల్లో తెర వెనక కూడా ఉంది. తెర మీదనే లేదు.

తెర మీద ఎవరున్నారో చూద్దాం. మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య మద్రాసులో ఫోటో స్టూడియో నడిపి, సినిమా యంత్రం కొని ఊరూరా బొమ్మలు చూపించి, హాలు కట్టి, చివరికి స్టూడియో కూడా పెట్టాడు. కొడుకు ప్రకాష్ 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' తీశాడు. తెలుగువాళ్ల తొలి మూకీ. అందులో గంగాదేవి వేషం వేసింది పెగ్గీ కాస్టెల్లో అనే ఇంగ్లీషు పేరున్న యువతి. గంగమ్మ తల్లి పాత్రకు తెలుగింటి ఆడమనిషి దొరకలేదు. 'మర్యాదస్తుల ఇళ్ల' ఆడవాళ్లు సినిమాలకు రారు. 1927–28లో దివాన్ బహదూర్ రంగాచారి అధ్యక్షతన ప్రభుత్వం వేసిన సినిమా విచారణ సంఘం ముందు కూడా ఈ బెంగ వినపడింది. మర్యాద గల కుటుంబాల స్త్రీలు నటించడానికి ఎందుకు రావడం లేదు, ఎలా రప్పించాలి? 

ఆ ప్రశ్నలో ఉన్న మోసం గమనించండి. ఆడవాళ్లు లేరని కాదు వాళ్ల బాధ, 'మర్యాదస్తులు' లేరని. ఆంగ్లో ఇండియన్ యువతులు వచ్చారు. ఆటపాటల కులాల నుంచి వచ్చారు. వాళ్లను వాడుకుంటూనే కించపరిచారు. మాలపల్లె, మాదిగపల్లె ఆడవాళ్లనైతే ఆ లెక్కలోకే తీసుకోలేదు. పొలంలో నాటేస్తూ పాట కట్టేది వాళ్లు, జాతరలో ఆడేది వాళ్లు. హీరోయిన్ కావాల్సి వస్తే మాత్రం సముద్రం అవతలి పేరైనా సరే, కాలువ అవతలి పిల్ల వద్దు.

కాలువ దాటిన పిల్ల ఒకతి ఉంది. తెలుగు నేల మీద కాదు, తిరువాన్కూరులో. పేరు పి.కె. రోజీ. పులయ కులంలో పుట్టిన అమ్మాయి, కాక్కారిశ్శి నాటకాల్లో ఆడేది. జె.సి. డేనియల్ మలయాళంలో తొలి సినిమా 'విగతకుమారన్' తీస్తూ, బొంబాయి నుంచి పిలిపించిన నటి నిలవకపోవడంతో ఈమెను తీసుకున్నాడు. ఇచ్చిన వేషం సరోజిని అనే నాయర్ యువతిది. సినిమా విడుదలైంది 1928 అని కొందరు, 1930 అని కొందరు రాస్తారు. ఎక్కడ విడుదలైందో మాత్రం తగువు లేదు: తిరువనంతపురం కాపిటల్ థియేటర్. తన సినిమా తొలి ఆటకు రోజీని లోపలికి రానివ్వలేదు. తెర మీద పులయ పిల్ల నాయర్ స్త్రీగా కనపడేసరికి జనం తెర మీద రాళ్లు వేశారు. హీరో ఆమె జడలో పువ్వును ముద్దాడే దృశ్యం దగ్గర ఒళ్లు మరీ మండిందని చెప్తారు. తర్వాత ఆమె ఇంటి మీద పడ్డారు. రోజీ ఒక లారీ ఎక్కి నాగర్‌కోయిల్ పారిపోయింది. ఆ లారీ డ్రైవర్‌నే పెళ్లి చేసుకుంది. పేరు మార్చుకుంది. మిగిలిన బతుకంతా తానెవరో చెప్పకుండా బతికింది. ఆ సినిమా ప్రింటు లేదు. ఆమెదేనని ఖాయంగా చెప్పగలిగే ఫోటో కూడా లేదు.

ఆ రాయి దేని మీద పడిందో ఆలోచించండి. మూకీ కదా, ఆమె ఒక్క మాట కూడా అనలేదు. యాస వినపడలేదు. నటన బాగాలేదని ఎవరూ అనలేదు. రాయి పడింది ముఖం మీద. నీ ముఖం మా ఇంటి ఆడదాని ముఖంలా ఎలా కనపడుతుంది అన్న కడుపుమంట మీదే ఆ రాయి లేచింది. 'మూకీకి కులం లేదు' అనేవాళ్లు కాపిటల్ థియేటర్‌కు పోయి చెప్పండి ఆ మాట.

ఇప్పుడు మన తెలుగు తెరకు వద్దాం. మూకీ పోయింది, టాకీ వచ్చింది. 1938లో గూడవల్లి రామబ్రహ్మం 'మాలపిల్ల' తీశాడు. కథ చలం, మాటలు తాపీ ధర్మారావు, పెట్టుబడి వెనక చల్లపల్లి జమీందారు. పూజారి కొడుకు నాగరాజు మాలపల్లె పిల్ల శంపాలతను ప్రేమిస్తాడు. ఇద్దరూ కలకత్తా పోతారు. చివరికి మంటల్లో చిక్కుకున్న శాస్త్రిగారి భార్యను ఒక 'హరిజనుడు' కాపాడితే గానీ శాస్త్రిగారికి కనువిప్పు కాదు. ఆ రోజుల్లో అది సాహసమే. అగ్రహారాలు ఉలిక్కిపడ్డాయి. కొందరు సినిమా చూసి ఇంటికి పోయి తలస్నానం చేశారని కూడా చెప్పుకుంటారు. చెరువు నీళ్ల దగ్గర, గుడి దగ్గర జరిగే అన్యాయాన్ని తెర మీదికి తెచ్చినందుకు రామబ్రహ్మానికి దణ్ణం పెట్టొచ్చు. పెడతాను.

కానీ శంపాలత ఎవరు? కాంచనమాల. ఆంధ్రదేశమంతా ఆ కళ్లకు దాసోహమంది. ఆమె మాల పిల్ల కాదు. మాల పిల్ల వేషం వేసింది. జనం చప్పట్లు కొట్టారు.

మరుసటి ఏడాది, 1939లో, 'మళ్ళీ పెళ్ళి' వచ్చింది. తీసింది మన నెల్లూరులో పుట్టిన యరగుడిపాటి వరదరావు, సినిమా లోకంలో వై.వి. రావు. 1929 నాటి 'గరుడ గర్వభంగం' లాంటి మూకీల్లో వేషాలు వేసి, మూకీలకు దర్శకత్వం చేసి, 1934లో కన్నడానికి తొలి టాకీ 'సతీ సులోచన' తీసిపెట్టిన మనిషి. మూకీ నుంచి టాకీకి నడిచిన దక్షిణాది సినిమా చరిత్రలో నెల్లూరు పేరు వినపడితే అది ఆయన వల్లే. 'మళ్ళీ పెళ్ళి'లో హీరో ఆయనే. హీరోయిన్? కాంచనమాలే. ఈసారి పంతులుగారింటి బాలవితంతువు లలిత.

నిన్న మాలపల్లె పిల్ల, ఈ రోజు పంతులుగారి బిడ్డ. అదే ముఖం. ఏ హాల్లోనైనా ఒక్క రాయి పడిందా? నిన్న మాల పిల్లగా కనపడిన ముఖం ఈ రోజు మా ఇంటి వితంతువు ఎట్లయిందని ఎవరైనా తెర చింపారా? లేదు. ఎందుకంటే ఆమె మాల పిల్లగా కనపడిందే తప్ప కాదని అందరికీ తెలుసు. ఆ తెలియడంలోనే ఉంది భరోసా. ఆ భరోసాతోనే ప్రేక్షకుడు శంపాలతను ప్రేమించాడు, ఆమె కోసం ఏడ్చాడు. అంటరాని పిల్లను ప్రేమించిన పుణ్యం దక్కింది, అంటుకోవాల్సిన పని తప్పింది.

కాంచనమాలకు చప్పట్లు, రోజీకి రాళ్లు. మధ్యలో పదేళ్లు కూడా లేవు. ఇద్దరూ తమది కాని కులం వేషం వేసినవాళ్లే. పైనున్నవాళ్లు కిందికి దిగి నటిస్తే సంస్కరణ. కిందున్నవాళ్లు పైకెక్కి నటిస్తే నేరం. కులమంటే ఒకరి వేషం ఇంకొకరు వేయకూడదన్న నియమం అనుకుంటాం. కాదు, అది ఒకవైపే తెరుచుకునే తలుపు.

ఇక్కడ కొందరు మేధావులు అడ్డు తగులుతారు. 'అయితే ఏందమ్మా, మాల పిల్ల వేషం మాల పిల్లే వేయాలా? నటనంటే పరకాయ ప్రవేశం కదా? కళను కూడా కులం పెట్టి కోస్తారా?' అని. అయ్యా, నేను అడుగుతున్నది సరిగ్గా దానికి తిరగబడిన మాట. మాల పిల్ల వేషం మాల పిల్లకే ఇవ్వండని నేను అడగడం లేదు. ఆ వేషం మేం పుట్టినప్పటి నుంచి వేస్తూనే ఉన్నాం, విసిగిపోయాం. పంతులుగారి ఇంటి లలిత వేషం ఇవ్వండి అంటున్నా. గంగ వేషం ఇవ్వండి. శకుంతల వేషం ఇవ్వండి. పరకాయ ప్రవేశం అంత గొప్పదే అయితే మా కాయానికి మాత్రం ఆ ప్రవేశం ఎందుకు లేదు?

మాకు రాదనుకుంటున్నారేమో. చిందు భాగవతంలో మన ఆడవాళ్లు రాత్రంతా రాజులయ్యారు, దేవుళ్లయ్యారు. కిరీటం పెట్టి, గద పట్టి, వీరావేశంతో ఊరిని కూర్చోబెట్టారు. చిందు ఎల్లమ్మ మగ వేషం కట్టి గజ్జె కట్టి దిగితే కన్నార్పినవాడు లేడు. తెల్లవారి రంగు కడుక్కోగానే ఆ రాజు ఊరి బావి దగ్గర దూరంగా నిలబడాల్సిందే. మనకు వేషం రాక కాదు. వెలుతురు మన వైపు తిప్పక.

ఇదంతా పాత కథ అనేవాళ్ల కోసం ఒక ముచ్చట చెప్తాను. కొన్నేళ్ల కిందట ఒక కాలేజీలో, పేరు చెప్పను, వార్షికోత్సవానికి పౌరాణిక నాటకం వేశారు. ఎస్సీ హాస్టల్‌లో ఉండే ఒక అమ్మాయి పద్యం ఎత్తుకుంటే కారిడార్లో నడిచేవాళ్లు ఆగిపోయేవాళ్లు. నాయిక పాత్ర ఆమెకే అనుకున్నాం. పంపకం జరిగాక చూస్తే ఆమె పేరు ఎదుట 'నేపథ్యం' అని ఉంది. తెర వెనక మైకు దగ్గర నిలబడి పద్యాలు పాడాలి, స్టేజీ మీద ఇంకో అమ్మాయి పెదవులు కదిలిస్తుంది. ఎందుకని అడిగితే వచ్చిన జవాబు: 'గొంతు బంగారం మేడమ్, కానీ పాత్రకు ముఖం సరిపోదు.' ఆ మాట అన్నవాళ్లకు అందులో తప్పు కనపడలేదు, మెచ్చుకున్నామనే అనుకున్నారు. 1915లో రాజమండ్రి హాల్లో జాషువా నిలబడిన చోటికీ ఆ అమ్మాయి నిలబడిన చోటికీ వందేళ్లు. అదే చీకటి.

సినిమా మారలేదా అంటారు. మారింది. ఇప్పుడు హీరో మనవాడట. 2021లో 'ఉప్పెన' వచ్చింది, సముద్రపు ఒడ్డు పేద క్రైస్తవ కుర్రాడి ప్రేమ. అదే ఏడాది 'లవ్ స్టోరీ' వచ్చింది, దళిత కుర్రాడి ప్రేమ. మంచిదే. కులం పేరెత్తడానికే వణికే పరిశ్రమలో ఆ మాత్రం ధైర్యం చూపిన దర్శకులను తిట్టను. కానీ ముఖాలు చూడండి. ఒకటి మెగా కుటుంబపు మేనల్లుడిది, ఇంకొకటి అక్కినేని వారి మూడో తరానిది. కాంచనమాల లెక్కే ఇంకా నడుస్తోంది: కథ మీది, కన్నీళ్లు మీవి, ముఖం మాది. ఇక దళిత అమ్మాయి తన ముఖంతో, తన పేరుతో, ఎవరూ ఉద్ధరించకుండా తనకు నచ్చినవాణ్ణి ప్రేమించి, తెర మీద నవ్వుతూ బతికిన తెలుగు సినిమాలు ఎన్ని? వేళ్లు మడవడం మొదలుపెట్టండి, మడిచిన వేళ్లు ఎన్నో మీకే తెలుస్తుంది. పక్కన తమిళంలో పా. రంజిత్ ఏటా రోజీ పేరుతో సినిమా పండుగ చేస్తున్నాడు. కేరళలో సినిమా స్త్రీల సంఘం రోజీ పేరుతో ఫిలిం సొసైటీ పెట్టుకుంది. మనం జాషువా వాచకుడన్న సంగతే పిల్లలకు చెప్పలేదు.

ఇప్పుడు మనలో మన మాట. ముఖ్యంగా తమ్ముళ్లతో.

షిరాయితో కథలో నన్ను నిద్రపోనివ్వని మనిషి వడ్డీవ్యాపారి కాదు, కిన్యా. అతను చెడ్డవాడు కాదు. కృతజ్ఞత ఉన్నవాడే. కానీ ఆమె డబ్బుతో తొడుక్కున్న కోటులో నిలబడి, ఆమెను నేరం గురించి అడగాల్సి వచ్చింది. మన తీరంలో రొయ్యల షెడ్లలో మంచునీళ్లలో చేతులు పెట్టి తలలు వలిచే అమ్మలను చూడండి. వేళ్లు పాచిపోయి ఉంటాయి. ఆ వేళ్ల కూలితో కొడుకు హైదరాబాదులో కోచింగు తీసుకుంటాడు. అక్క చదువు పదితో ఆగుతుంది, తమ్ముడి చదువు సాగుతుంది. ఉద్యోగం వచ్చాక ఫ్లాటు గృహప్రవేశానికి అమ్మ వస్తుంది, ఫోటోలో వెనక వరసలో నిలబడుతుంది. కొన్ని ఫోటోల్లో ఉండనే ఉండదు. పైకులాలు మన ముఖాన్ని తెర మీదికి రానివ్వలేదని కొట్లాడుతున్న మనం, మన ఇంట్లో ఎవరి ముఖం మీద వెలుతురు పడకుండా చూస్తున్నాం? కిన్యాకు జవాబు చావులో దొరికింది, సినిమా కాబట్టి. మనకు చావక్కర్లేదు. చదివించినామె పక్కన, వెలుతురులో, పేరు పెట్టి నిలబడితే చాలు.

ఇక ఆ ప్రదర్శన పెట్టుకున్న విద్యార్థులకు. సినిమా తప్పకుండా వేయండి. మంచి సినిమా. పోస్టర్ మీద 'కులమతాలకు అతీతం' అన్న మాట మాత్రం కొట్టేయండి. దాని చోట 'ఒక ఆటగత్తె అప్పు కథ' అని రాయండి, అది నిజం. ఇంకో పని చేయండి. రికార్డు సంగీతం పెట్టకండి. తెలుగులో కథ చెప్పే మనిషిని తెర పక్కన నిలబెట్టండి. మన హాస్టల్ అమ్మాయిల్లో గొంతున్నవాళ్లకు కొదవ లేదు. షిరాయితో మాట, కిన్యా మాట, జడ్జి మాట, అన్నీ ఆమే చెప్పాలి. మన నెల్లూరు తెలుగులో చెప్పాలి. మొదలుపెట్టే ముందు, ఈ పని వందేళ్ల కిందట రాజమండ్రిలో గుర్రం జాషువా చేశాడని ఒక్క వాక్యం చెప్పాలి.

హాల్లో లైట్లన్నీ ఆర్పేయండి, ఒక్కటి తప్ప. ఆ ఒక్కటి ఆమె ముఖం మీద ఉండాలి. తెర కాస్త మసకబారినా ఫర్వాలేదు.

(వచ్చే భాగం: నేల, బెంచి, కుర్చీ – సినిమా హాల్లో మనం కూర్చున్న చోట్లు. మీ ఇంట్లో తాతమ్మలు, నాయనమ్మలు ఉంటే డేరా సినిమా రోజుల గురించి అడిగి రాసి పంపండి. ఎక్కడ కూర్చున్నారు, టికెట్ ఎంత, పక్కన ఎవరు కూర్చున్నారు, ఎవరు లేచిపోయారు. వాళ్లు ఒప్పుకుంటే వాళ్ల పేరుతోనే వేద్దాం.)